పద్దెనిమిదేండ్లు పట్టుకుని చదవని ఉత్తరం

పోయిన బుధవారం, పొద్దున పదకొండు గంటలకు ఐదు నిమిషాలు తక్కువ. ఎల్లారెడ్డిలో విఠల్ సార్ ఇంటి వాకిట్లో, పైకప్పు నుంచి దింపుతున్న గూనపెంకుల దుమ్ములో నిలబడి, నా డెబ్బై నాలుగేండ్ల బతుకులో నా పేరున వచ్చిన మొదటి ఉత్తరాన్ని నేనే చదువుకున్నాను. గడియారం చూసింది నేను కాదు, నా భార్య రాజవ్వ. పన్నెండు గంటల బస్సు పోతుందని ఆమెకు రంధి. నాకు బస్సూ గుర్తులేదు, కాళ్ళ కింది నేలా గుర్తులేదు. ఎందుకంటే ఆ ఉత్తరం కొత్తది కాదు. పద్దెనిమిదేండ్లు నా చేతిలోనే ఉండింది. పట్టపగలు, అంగళ్ళలో, జాతరల్లో, వందల మంది ముందు దాన్ని పట్టుకుని చదివినట్టు చేసి జనాన్ని నవ్వించాను. అందులో ఒక్క అక్షరం కూడా చదవలేదు. చదవడం రాదు కాబట్టి.

సూటిగానే చెప్తాను, తిప్పి చెప్పడం నాకు చేతకాదు. నేను నాటకాల్లో హాస్యం వేషాలు వేసినవాణ్ణి. రాజు వేషం ఒక్కనాడు వేయలేదు, వేస్తానని అడగనూ లేదు. చెవిటి తాత, గయ్యాళి అత్త, నిద్రపోతు చౌకీదారు, అన్నం వడ్డించకముందే అలిగే పెండ్లిపెద్ద, ఇవీ నావి. హీరో వచ్చేదాకా జనం లేచిపోకుండా చూడటం, హీరో ఏడిపించి పోయాక వాళ్ళ ముక్కులు తుడిపించడం నా పని. అన్నిటికన్నా పేరు తెచ్చింది పరంధామం వేషం. పట్నం పోయివచ్చి, చదువొచ్చినట్టు ఊరంతా తిరిగే గప్పాలరాయుడు. ఊళ్ళో ఎవరికి ఉత్తరం వచ్చినా వాడి దగ్గరికి తెస్తారు. వాడికి ఒక్క ముక్క రాదు, కానీ రాదని ఒప్పుకోడు. ఆ ఉత్తరం వాడు చదివే తీరే మొత్తం హాస్యం. ఆ వేషం వేసిన నాకూ నలభై దాటేదాకా ఓనమాలు రావు. ఈ సంగతి మా నాటక కంపెనీలో ఎవరికీ తెలియదని నేను అనుకున్నాను.

సోమవారంనాడు విఠల్ సార్ బిడ్డ సుగుణమ్మ ఫోన్ చేసింది. ఆమెకూ అరవై దాటాయి. "పోచయ్యన్నా, పాత ఇల్లు ఇప్పిస్తున్న. అటక మీద బాపు నాటకాల పెట్టె దొరికింది. అండ్ల ఒక కాగితం ఉన్నది, మీద నీ పేరు రాసుంది. కిందిది నేను సదవలే. నువ్వే వచ్చి తీస్కపో" అంది. "నా పేరు రాసుందా? ఏ కాగితం? మడత మీద చినిగిందా? మూలకు పాన్ మరక ఉందా?" అని అరిచాను. "ఉన్నది, నీకెట్ల ఎరుక?" అంది. నేను ఫోన్ చేతిలో పట్టుకుని మంచం మీద నుంచి లేచి, కూర్చుని, మళ్ళీ లేచాను. రాజవ్వ వంటింట్లోంచి వచ్చి, "ఏమయ్యో, గట్ల ఒర్రకు. పక్కింటోళ్ళు ఏమన్నయిందని ఉరికొస్తరు" అంది.

బుధవారం కామారెడ్డిలో బస్సెక్కాం. ఆడవాళ్ళకు పైసల్లేవు గనుక ఆమెకు జీరో టికెట్, నాకు పైసల టికెట్. నా టికెట్ చూసి ఆమె నవ్వడం ఇప్పటికీ మానలేదు. దారి పొడుగునా ఒళ్ళో ఆమె వేళ్ళు ఆడుతూనే ఉన్నాయి. బీడీలు చుట్టడం మానేసి పదేండ్లయింది, వేళ్ళకు ఆ సంగతి ఇంకా తెలియదు. లేని ఆకును పట్టుకుంటాయి, లేని తంబాకు పోసి చుడతాయి, మూతి మడుస్తాయి, దారం కడతాయి, మళ్ళీ మొదలు. కండక్టరమ్మ చూసి, "ఏం సుడుతున్నవ్ అవ్వా?" అని అడిగింది. "ఏం లేదు బిడ్డా, ఆకు లేకున్నా ఇవి ఊకుంటలేవు" అంది రాజవ్వ. ఆ వేళ్ళను గుర్తు పెట్టుకోండి. నా బతుకంతా నేను వాటినే ఆపాలని చూశాను.

మాది రాజంపేట. మా బాపు బొంబాయిలో ఇండ్లు కట్టే పనికి పోయి, ఏడాదికి ఒకటి రెండుసార్లు వచ్చేవాడు. ఇల్లు నడిపింది నన్ను కన్న అవ్వ, బీడీలు చుట్టే ఆమె వేళ్ళు. కండ్లు మూసుకుంటే ఆ ఇంటి వాసన ఇప్పటికీ వస్తుంది. తడి గోనెలో చుట్టి పెట్టిన బీడీల తునికాకు వాసన, చాటలో తంబాకు ఘాటు, వాటి వెనుక పొయ్యి మీద జొన్న గట్క. అవ్వ లేవగానే మొదట ఆకు మీద నీళ్ళు చల్లేది, తర్వాతే తన మొహం మీద. మధ్యాహ్నం తినేముందు చేతులను బూడిదతో రుద్ది, చింతపండుతో రుద్ది, మళ్ళీ కడిగినా ముద్ద చేదుగానే ఉండేది. "చేదు లేకపోతే తిన్నట్టే అనిపియ్యది" అనేది. మా వాకిట్లో రోజూ ఐదారుగురు ఆడవాళ్ళు గోడకు ఆనుకుని చాటలు ఒళ్ళో పెట్టుకుని కూర్చునేవారు. మాట్లాడేవారు, తిట్టుకునేవారు, సచ్చిపోయినవాళ్ళను తలుచుకుని ఏడ్చేవారు కూడా. వేళ్ళు మాత్రం ఆగవు. అవ్వకు తుమ్ము వస్తే మొహం పక్కకు తిరిగేది, వేళ్ళు అక్కడే పని చేస్తూ ఉండేవి. సాయంత్రానికి ఇంత చుట్టాలి అంటే చుట్టాల్సిందే. నన్ను బడికి కాదు, బర్రెల వెంట పంపింది. నేను ఏడవలేదు, సంతోషంగానే పోయాను, అబద్ధం ఎందుకు. నాకు చదువు లేకపోయినా చెవులు గొప్పవి. ఎవరి మాట విన్నా ఆ మాట, ఆ గొంతు, మధ్యలో వచ్చే దగ్గు అన్నీ నా నోట్లోకి వచ్చి కూర్చునేవి.

ఇరవై రెండేండ్లప్పుడు వరికోతలకు ఎల్లారెడ్డి దిక్కు పోయాను. మధ్యాహ్నం సద్ది తిన్నాక, మమ్మల్ని తోలుకొచ్చిన మేస్త్రీ ఎట్లా నడుస్తాడో, ఎట్లా తిడతాడో, తిట్టేముందు పంచె ఎట్లా ఎగగడతాడో చేసి చూపించాను. అందరూ పడి పడి నవ్వారు. గట్టు మీద సైకిలు ఆపి ఒక పొడుగాటి మనిషి చూస్తున్నాడు. నోటినిండా పాన్, చంకలో గొడుగు. అక్కడి ప్రైమరీ బడి సారు, విఠల్ సార్. సొంతంగా నాటకాలు రాసి, పదిమందిని పోగేసి ఆడించేవాడు. దీపాలు కిరాయికి తెచ్చే స్తోమత ఆ కంపెనీకి లేదు. అందుకే అంగడి రోజు పగటిపూట మొదలుపెట్టి పొద్దు గూకకముందే ఆట ముగించేవారు. ఊరి జనం మాది ఎండ కంపెనీ అనేవారు. సార్ పాన్ ఉమ్మి అడిగాడు.

"నీకు సదువొస్తదా?"

"వస్తది సార్."

ఎందుకు అట్లా అన్నానో ఇప్పటికీ చెప్పలేను. రాదంటే వేషం ఇవ్వడని భయం కావచ్చు. సార్ నా మొహం రెండు క్షణాలు చూశాడు. "సరే" అన్నాడు. నాకు వేషం రాసిన నోటుబుక్కు ఇవ్వబోయి, ఇవ్వకుండా, "నా రాత నాకే అర్థం కాదు, నేను సదివి వినిపిస్త, వినుకో" అన్నాడు. నా అదృష్టం అనుకున్నాను. ఒక్కసారి చదివాడు, రెండోసారి నేను మొత్తం అప్పజెప్పాను. తర్వాత నాలుగు మడతల కాగితం ఒకటి నా చేతిలో పెట్టాడు. "ఇది పరంధామం ఉత్తరం. తలకిందులు పట్టుకుంటే ఎవడన్న నవ్వుతడు. సులువు పని అది. నువ్వు సక్కగ పట్టుకొని నవ్వియ్యాలె" అన్నాడు. ఏది పైనో ఏది కిందో నాకు తెలిస్తే గదా!  చూస్తే కాగితం మూలకు పాన్ అంటిన బొటనవేలి మరక. సార్ పట్టుకున్నప్పుడు ఆ మరక పైన కుడిపక్కకు ఉంది. నేనూ అట్లాగే పట్టుకున్నాను. ఆ మరక నన్ను పద్దెనిమిదేండ్లు కాపాడింది. ఆట అయిపోగానే సార్ చెయ్యి చాపేవాడు. "కాగితం" అనేవాడు. తీసుకుని పెట్టెలో పెట్టి తాళం వేసేవాడు. బంగారం దాచినట్టు ఎందుకు దాస్తాడో అని నేను నవ్వుకునేవాణ్ణి.

ఆటకు ముందు సార్ ఒక పరీక్ష పెట్టాడు. "మీ వాకిట్ల బీడీలు చేసేటోళ్ళ ముందు ముందుగాల చేసి సూడు. నవ్వు లెక్క కాదు. నవ్వుకుంట కూడ సుడతరు వాళ్ళు. వేళ్ళు ఆగాలె. వేళ్ళు ఆగితేనే నాకాడికి రా" అన్నాడు. సార్ తల్లి కూడా బీడీలు చుట్టిందట. చుట్టిన ఇంటి మనిషికే ఆ సంగతి తెలుస్తుంది. మీరు ఎంత మంచి మాటైనా చెప్పండి, బీడీల వాకిట్లో నవ్వు నోటి వరకే. చేతికి నవ్వే తీరిక లేదు.

నేను తువ్వాల తలకు చుట్టుకుని, చేతిలో ఖాళీ బీడీకట్ట కాగితం పట్టుకుని వాకిట్లో నిలబడ్డాను. "అవ్వలారా, ఉత్తరం వచ్చింది! నేను సదువుత, మీరు ఇనుండ్రి. శ్రీ, శ్రీ, శ్రీ. మూడు శ్రీలున్నయి. ఒక్కటుంటే సుట్టాలది, రెండుంటే సేటుది, మూడుంటే సర్కారుది! ఇగో, అక్షరాల నెత్తిన తలపాగలు సూడుండ్రి. తలపాగలు కట్టుకున్నయంటే పెద్దమనుషులు రాసిన ఉత్తరం. ఇగో ఇక్కడ ఒకదానికి తలపాగ లేదు. పాపం, దానికి అత్తగారింట్ల కొట్లాటయింది!"

పక్కింటి మల్లవ్వ పెద్దమనిషి, పెద్ద నవ్వు. ఆమె వేళ్ళు ఆగాయి. ఒళ్ళో చాట కదిలి తంబాకు చిందింది. "నీయవ్వ, పోచిగా! నా పొద్దంత ఖరాబు జేసినవ్!" అని తిట్టింది. ఆ తిట్టు నాకు దండ వేసినట్టుంది. మా అవ్వ కూడా ఆగింది, ఆగి వెంటనే, "గీ బుద్ధి బర్రెల మీద ఉంటే అవి ఇంకో శేరు పాలిచ్చేటియి" అంది. ఒక్కొక్కరే ఆగారు. ఒక్క పిల్ల ఆగలేదు. వెనుక వరుసలో, కంచె పక్క ఇంటి రాజవ్వ. నవ్వనైతే నవ్వుతోంది, పండ్లు కనిపిస్తున్నాయి. వేళ్ళు మాత్రం చుడుతూనే ఉన్నాయి.

మరునాడు మళ్ళీ చేశాను. ఆ మరునాడు కొత్తవి కలిపాను. ఆమె వేళ్ళు ఆగవు. నాకు పంతం వచ్చింది, సార్ పరీక్ష కన్నా అది పెద్ద పరీక్షయింది. ఒకరోజు బాయికాడ ఒక్కతే దొరికితే అడిగేశాను.

"ఏం పిల్లా, అందరి చేతులు ఆగుతయి, నీయి ఎందుకు ఆగయి? నా ఆట నచ్చలేదా?"

"నచ్చింది. కానీ నువ్వు ఆడుతలేవు గదా."

"మరి ఏం జేస్తున్న?"

"నీకు సదువు రాదు. నేను నాలుగో తరగతి దాక సదివిన. సదివేటోళ్ళ కండ్లు జరుగుతయి, ఇటునుంచి అటు. నీ కండ్లు ఒక్కకాడ్నే నిలబడ్డయి. నువ్వు రానోడివే, రానోని లెక్క ఉన్నవు. అండ్ల ఆట ఏమున్నది?"

బిందె ఎత్తుకుని పోయింది. నాకు చెంప మీద కొట్టినట్టయింది. ఇంకెవరితోనైనా చెప్తుందేమో అని నాలుగు రోజులు నిద్రలేదు. చెప్పలేదు. చెప్పని మనిషి అని తెలిసి, ఆ ఏడే ఆమెను పెండ్లాడాను. వేళ్ళ సంగతి తర్వాత చూసుకుందామనుకున్నాను.

ఇక మొదటి ఆట! ఎల్లారెడ్డి అంగడి, మిరపకాయల వాసన, మేకల అరుపులు, నడినెత్తిన ఎండ. మొహానికి సఫేదా రాస్తే చెమటకు గడ్డం దాకా కారింది. నాకన్నా ముందు హీరో పాట పాడితే సగం జనం బెల్లం బేరం చేసుకుంటున్నారు. నేను కాగితం విప్పి "మూడు శ్రీలు" అనగానే కూరగాయల ఆమె తూకం అట్లాగే గాల్లో పట్టుకుని నిలబడిపోయింది. "తలపాగలు" అనేసరికి అంగడి అంగడంతా ఒక్క నోరై నవ్వింది. ఆ నవ్వు వచ్చి ఛాతీకి తగులుతుంది, అనుభవించినవాడికే తెలుస్తుంది. హార్మోనియం గంగారాం వాయించడం మరిచి కండ్లు తుడుచుకున్నాడు. ఆ రోజు నుంచి పద్దెనిమిదేండ్లు మా కంపెనీ ఎక్కడికి పోయినా, "పరంధామం వచ్చిండా?" అన్నదే మొదటి మాట. లింగంపేట జాతరలో ఒక తాత నిజంగానే తన కొడుకు ఉత్తరం తెచ్చి, "అయ్యా, ఇది జర సదివి పెట్టు" అన్నాడు. నేను "శ్రీలు ఎన్నున్నయో సూస్త" అన్నాను, తాత పగలబడి నవ్వి ఇంకెవరి దగ్గరికో పోయాడు. నేను మాత్రం ఆ రోజు అన్నం తినలేదు. జనం నా ఆటకు నవ్వుతున్నారా, నాకు నవ్వుతున్నారా? నేను నటుణ్ణా, లేక చదువురాని ఒక మనిషిని తెచ్చి అంగట్లో నిలబెట్టారా? అది ఎవరిని అడగను? అడిగితే మొదటి అబద్ధం బయటపడుతుంది.

పద్దెనిమిదో ఏడు జాతరలో అకాల వాన పట్టుకుంది. నేను ఆట మధ్యలో ఉన్నాను, కాగితం నా చేతిలో తడిసి మడత మీద చినిగింది. నేను ఏమీ కానట్టు ముగించాను. విఠల్ సార్ ఉరికొచ్చి, నా చేతిలోంచి ఆ కాగితం తీసుకుని, తన లోపలి బనీనుకు అద్ది ఆరబెట్టాడు. నాటకాల కిరీటాలు బురదలో పడున్నాయి, వాటిని చూడలేదు. "సార్, ఇంకోటి రాసుకుందాం తియ్యి" అన్నాను. "ఇది మల్ల రాసేది కాదు పోచయ్యా" అన్నాడు. ఆ మాట నాకు మేకులాగా దిగింది. పద్దెనిమిదేండ్లు చేతిలో పట్టుకున్నాను, అందులో ఏముందో నాకు తెలియదు! అప్పటిదాకా ఆ ఆలోచనే రాలేదు. నాకు ఆ కాగితం ఒక మరక, నాలుగు మడతలు, అంతే.

ఇంటికి వచ్చి రాజవ్వతో అన్నాను, "నాకు సదువు చెప్పు." ఆమె నవ్వలేదు. తడి తునికాకు ఒకటి తీసి, బొటనవేలి గోరుతో దాని మీద 'అ' గీసింది. ఆకు మీద గీత తెల్లగా తేలింది. "దిద్దు" అంది. నేను నా గోరుతో దాని మీదే దిద్దాను. దిద్దిన ఆకును ఆమె పారేయలేదు, కత్తిరించి, తంబాకు పోసి చుట్టేసింది. "ఆకు ఖరాబు చేస్తరా" అంది. నా ఓనమాలన్నీ అట్లాగే పోయాయి. నేను నేర్చుకున్న 'అ' ఏ బొంబాయిలోనో ఎవరి నోట్లోనో పొగైంది. గుణింతాల దగ్గర నేను తప్పు దిద్దితే, "ఇది తాగినోనికి దగ్గొస్తది" అనేది. నలభై దాటిన చేతికి 'ఋ' రావడానికి నెల పట్టింది. కానీ ఒకరోజు కామారెడ్డి బస్టాండులో నిలబడి, బస్సు నుదుటి మీద ఎ-ల్లా-రె-డ్డి అని కూడబలుక్కున్నాను. అంతకుముందు రంగు చూసి, డ్రైవర్ మొహం చూసి ఎక్కినవాణ్ణి. ఆ రోజు ఎక్కే పని లేకపోయినా ఎక్కి, ఎల్లారెడ్డి దాకా పోయి వచ్చాను.

విఠల్ సార్‌కు చెప్పలేదు. చెప్పాలంటే ముందు రాదని ఒప్పుకోవాలి గదా. వానలో చినిగిన కాగితం పెట్టెలో దాచి, సార్ ఆటకు వేరే కాగితం ఇవ్వడం మొదలుపెట్టాడు. చేతికి ఏది అందితే అది. ఒక ఆటలో నా చేతికి వచ్చింది ఆయన బడి పాత హాజరు పట్టీ. నేను అరుగు మీద నిలబడి విప్పాను. "శ్రీ" అందామని నోరు తెరిచాను. కండ్లు వాటంతట అవే జరిగాయి. 'అంజవ్వ. ఎల్లయ్య. కాశీరాం.' నేను చదువుతున్నాను! పేరు పక్కన పేరు, ఒకదాని కింద ఒకటి, ఆగలేకపోతున్నాను. నాకు లోపల పండుగ. బయట అంగడంతా నిశ్శబ్దం. మూడు శ్రీలు మరిచాను, తలపాగలు మరిచాను. గంగారాం రెండుసార్లు హార్మోనియం నొక్కి నాకు గుర్తు చేశాడు. చివరికి ఎట్లాగో ఉత్తరం పూర్తి చేశాను, ఒక్కడూ నవ్వలేదు. కూరగాయల తూకం ఆగలేదు.

తెర వెనుక విఠల్ సార్ నా ముందు నిలబడ్డాడు. తిట్టలేదు. నా మొహం అదే తీరుగా రెండు క్షణాలు చూసి అడిగాడు.

"పోచయ్యా, నాకేమన్న చెప్పేదుందా?"

"ఏం లేదు సార్. ఎండకు తలకాయ తిరిగింది."

సార్ నా చేతిలోంచి హాజరు పట్టీ తీసుకుని మడిచాడు. తర్వాత "సరే" అని పోయాడు. ఆ 'సరే' ఎంత బరువో నాకు పోయిన బుధవారం తెలిసింది. ఆ తర్వాత పరంధామం మళ్ళీ నవ్వించలేదు. చేసిన ప్రతిసారి నా కండ్లు జరిగేవి, చదవడం మొదలుపెట్టినవాడు చదవకుండా ఉండలేడు. చెవిటి తాత, అత్త వేషాలతో కొన్నేండ్లు నెట్టుకొచ్చాను. ఇంటింటికి టీవీలు వచ్చాయి, ఎండ కంపెనీ ఎండలోనే ఆగిపోయింది. సార్ పోయినప్పుడు నేను పాడె మోశాను. మోస్తూ కూడా పెట్టె ఎక్కడుందో అని ఆలోచించాను. సిగ్గులేని మాటే, కానీ నిజం.

ఇక బుధవారం. సుగుణమ్మ పెట్టె తెచ్చి వాకిట్లో పెట్టింది. పైన మేస్త్రీ లింగం పెంకులు విప్పి అందిస్తుంటే, సాయవ్వ, దేవవ్వ అనే ఇద్దరు కూలి ఆడవాళ్ళు కింద పేరుస్తున్నారు. పెట్టె తీయగానే కర్పూరం, బొద్దింకలు, పాత సఫేదా వాసన. కాగితం పైనే ఉంది. మరక పైన కుడిపక్కకు పెట్టి పట్టుకున్నాను, అలవాటు. విప్పాను. మొదటి మాట నా పేరు. ఇన్నేండ్లు నా పేరును నా చేతిలో పట్టుకుని తలపాగలని జనానికి చూపించాను! గట్టిగానే చదివాను. మెల్లగా, కూడబలుక్కుంటూ.

"పోచయ్యా, నీకు చదువు రాదని మొదటి దినమే నాకు తెలుసు. అందుకే మూలకు పాన్ మరక పెట్టిన. రాదని నువ్వు చెప్పవు, నేనూ అడగను. ఈ కాగితం చదివిన దినం నా దగ్గరికి వచ్చి చెప్పు. అందాక నువ్వు రానోడివే రానోని లెక్క నిలబడతవు, జనం నవ్వుతరు. చదువు వచ్చినంక కూడ రానోని లెక్క చేసి నవ్వియ్యి. ఆ దినం నిన్ను నటుడంట. అప్పటి దాక అనను. విఠల్."

రాజవ్వ, "నేను బాయికాడ గదే చెప్పిన గదా" అంది. సుగుణమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "అమ్మా, సార్ అడిగిండు. చెప్పేదుందా అని అడిగిండు. నేను లేదన్న" అన్నాను.  సుగుణమ్మ నన్ను ఓదార్చలేదు, తండ్రి బిడ్డే ఆమె. "మరి ఇప్పుడు చెయ్యన్నా. బాపు అడిగింది చెయ్యుమని గదా, ఏడువుమని రాసిండా?" అంది.

 భుజం మీది తువ్వాల తలకు చుట్టాను. పైన లింగం ఫోన్లో ఏదో నవ్వులాట పెట్టుకుని పని చేస్తున్నాడు, కింద సాయవ్వ వింటూ పెంకులు పేరుస్తోంది. ఇప్పటి నవ్వు ఇట్లా ఉంది. నా మనవరాలినీ చూస్తాను, నవ్వు వస్తే ఆమె బొటనవేలు ఫోన్ మీద ఇంకా తొందరగా జరుగుతుంది, తర్వాతిది కావాలి. అప్పట్లో నవ్వు వస్తే చెయ్యి ఆగేది. నాది గొప్ప, వాళ్ళది తక్కువ అనను. ఆ బొటనవేలిని ఆపడం నాకైతే చేతకాదు. ఆ రోజు ఆ వాకిట్లో ఐదు జతల చేతులున్నాయి. అవి ఆపితే చాలు.

"అవ్వలారా! ఉత్తరం వచ్చింది!" అన్నాను. లింగం పైనుంచి తొంగి చూశాడు. కండ్లు కాగితం మీద పెట్టగానే 'పోచయ్యా' అని చదవబోయాయి. చదవనివ్వకూడదు. కింద సార్ సంతకం కనిపించింది. కండ్లను తీసుకుపోయి ఆ విఠల్ అనే మూడక్షరాల మీద మేకు కొట్టినట్టు నిలబెట్టాను. ఇప్పుడవి జరగడం లేదు. నిలబెట్టింది నేను. "శ్రీలు లేవు! ఒక్కటీ లేదు! అంటే సర్కారుది కాదు, సుట్టానిది కాదు. మొదటి అక్షరానికే తలపాగ లేదు, కొమ్ముంది! కొమ్మున్నదంటే ఇది బర్రె రాసింది! నేను కాసిన బర్రెలల్ల ఏదో ఒకటి సదువుకున్నది, నేనే వెనుకబడ్డ!"

సాయవ్వ చేతిలో పెంకు గాల్లోనే ఆగింది. దేవవ్వ కింద కూర్చుండిపోయి, "ఓయమ్మో, తాతకు ఏం పుట్టిందే" అని పొట్ట పట్టుకుంది. లింగం ఫోన్ కట్టేశాడు. నేను అటు చూడలేదు, నేను చూడాల్సింది వేరే. గోడ పక్క అరుగు మీద కూర్చున్న రాజవ్వ ఒళ్ళోకి చూశాను. లేని ఆకు, లేని తంబాకు, ఎడమ బొటనవేలు చుట్టడానికి వంగింది. వంగిన చోటనే ఉంది. పది వేళ్ళూ ఒళ్ళో కదలకుండా ఉన్నాయి. ఆమె నోరు తెరుచుకుని నవ్వుతోంది, కండ్లలోంచి నీళ్ళు వస్తున్నాయి.

"ఇప్పుడు ఆడినవయ్యా" అంది.

పన్నెండు గంటల బస్సు పోయింది. ఇద్దరికీ బాధ లేదు. సుగుణమ్మ దగ్గర పెన్ను అడిగి, సార్ ఉత్తరం వెనుకవైపు, వంకరటింకర నా రాతతోనే ఆ రోజు హాజరు వేశాను. చూసి మళ్ళీ ఇక్కడ రాస్తున్నాను. విఠల్ సార్ బిడ్డ సుగుణమ్మ, ఉన్నది. పెంకుల మేస్త్రీ లింగం, ఉన్నాడు. కూలికి వచ్చిన సాయవ్వ, ఉన్నది. ఆమెతో వచ్చిన దేవవ్వ, ఉన్నది. నా భార్య రాజవ్వ, ఉన్నది, వేళ్ళు ఆపి. నటుడు పోచయ్య, ఉన్నాడు.